‘చిత్తం ప్రభూ’ దేవయ్య

మస్కట్‌లో మేం ఆడిన నాటకాల్లో ఎక్కువ చప్పట్లు ఎవరికి పడ్డాయని అడిగితే మా ఆయన ఇప్పటికీ మాట మారుస్తారు. అన్నిటిలోనూ ఆయనే హీరో. రాజైనా ఆయనే, జమీందారైనా ఆయనే, కూతురి కోసం కుమిలిపోయే తండ్రైనా ఆయనే. చప్పట్లు మాత్రం దేవయ్యకు పడేవి. దేవయ్య మా ఆయన కంపెనీలోనే సైట్లో తాపీపని చేసేవాడు. జగిత్యాల దగ్గర ఊరు. అతనికిచ్చే వేషాలన్నీ నౌకరు బాపతే. ఇచ్చే మాటలు కూడా దాదాపుగా రెండే: ‘చిత్తం ప్రభూ.’

నేను శేషుకుమారిని. ఆ నాటకాలకు నా చీరలతో తెర కట్టింది నేను, బిస్కెట్ల డబ్బాలు కత్తిరించి కిరీటాలు చేసింది నేను, పక్కన నిలబడి మాటలు అందించింది నేను. నాటకం బాగుంటే రచన మా ఆయన సుబ్బారావుగారిది, బాగోకపోతే ప్రాంప్టింగు నాది. కాబట్టి దేవయ్య కథ చెప్పడానికి నాకంటే హక్కున్న మనిషి లేదు.

డెబ్భై నాలుగులో మేం హమ్రియాలో కాపురం పెట్టాం. అప్పటికి పక్కనున్న రువీ అంతా సిమెంటు, ఇనప చువ్వలు, దుమ్ము. మాకు తెలిసిన తెలుగు కుటుంబాలు పదకొండు. శుక్రవారం సెలవు కాబట్టి మగవాళ్లు మా ఇంట్లో చేరి పేకాడేవాళ్లు, ఆడవాళ్లం వాళ్లకు పకోడీలు వేసేవాళ్లం. బయట ఆ ఎండ, లోపల ఈ పొయ్యి. ఒక శుక్రవారం నేను మూకుడు దించేసి, ఇక నా చేత్తో పకోడీ వేయనని చెప్పేశాను. పకోడీలు లేని పేకాట ఎవరికీ రుచించలేదు. ఆ ఖాళీలో ఏం చేయాలో తోచక మా ఆయన నాటకం రాశారు.

అందులో ధర్మకేతు మహారాజు మా ఆయన. మంత్రి, స్టోర్స్ చూసే రామ్మోహన్‌గారు. రాణి లేదు. రాణి వేషానికి ఎవరూ ఒప్పుకోరని ముందే అనుకుని రాణి లేకుండా రాశారు. నన్ను అడిగితే నేను ఒప్పుకునేదాన్ని. నన్నెవరూ అడగలేదు. ఇక మిగిలింది నౌకరు. పదకొండు ఇళ్లలోనూ ఆఫీసర్లే కదా, చామరం పట్టుకుని వెనక నిలబడతామన్న వాడు లేడు. సైట్లో ఒకతను ఊళ్లో బాగోతాలు ఆడేవాడట అని ఎవరో చెబితే మా ఆయన దేవయ్యను వెంటబెట్టుకొచ్చారు.

ముప్పయి దాటిన మనిషి. పొట్టి, గట్టి. చెవులు కాస్త పెద్దవి. ఏడుస్తున్నా నవ్వుతున్నట్టే ఉండే ముఖం. రిహార్సల్స్‌కు పది శుక్రవారాలు వచ్చాడు. రాజు ‘ఎవరక్కడ?’ అనగానే వచ్చి ‘చిత్తం ప్రభూ’ అనేవాడు, చామరం అందుకుని వెనక నిలబడేవాడు. వంక పెట్టడానికి ఏమీ లేదు. ఇంత బుద్ధిమంతుడు దొరికాడని మా ఆయన మురిసిపోయారు.

నాటకం రోజు కంపెనీ మెస్ హాలు నిండిపోయింది. ముందు కుర్చీల్లో కుటుంబాలు. వెనక గోడవారన కూలీల క్యాంపు వాళ్లు, గులాం నబీ నడిపే లారీలో వచ్చిన యాభై మంది. ధర్మకేతు సింహాసనం మీద కూర్చుని చెయ్యి పైకెత్తి ‘ఎవరక్కడ?’ అన్నారు. ఎవరూ రాలేదు. మళ్లీ అన్నారు. అప్పుడు స్టేజీ పక్కనుంచి ఇద్దరు కూలీలు ఒక దుప్పటిని అడ్డంగా పట్టుకుని మెల్లగా నడిచి వచ్చారు. దుప్పటి కింద గజ్జెలు కట్టిన రెండు కాళ్లు. వెనక నుంచి పాట.

"వచ్చె వచ్చె సూడరో సేవకుడూ... ధర్మకేతు కొలువుల నమ్మిన బంటు సేవకుడూ..."

మూడు నిమిషాలు పాడాడు. నౌకరు పేరు, తండ్రి పేరు, పుట్టిన ఊరు, చామరం ఏ వెంట్రుకలతో చేసిందో, పొద్దున లేచి రాజుగారి చెప్పులు ఎట్లా తుడుస్తాడో అంతా పాటలో చెప్పాడు. మా ఆయన ఎత్తిన చెయ్యి ఎత్తినట్టే ఉండిపోయింది. చివరికి దుప్పటి దిగింది. దేవయ్య సభకు మూడు వైపులా దండం పెట్టి, రాజు వైపు తిరిగి ‘చిత్తం ప్రభూ’ అన్నాడు. హాలు కప్పు ఎగిరిపోయేలా చప్పట్లు. ఆ తర్వాత ధర్మకేతు గంటసేపు ఏం మాట్లాడాడో ఎవరికీ గుర్తు లేదు.

తెర దించగానే మా ఆయన మీసం పీకి కింద కొట్టారు. "ఏవిటయ్యా అది? నీకిచ్చినవి రెండు మాటలు!"

"రెండే అన్న గద సార్."

"మరి ఆ పాట ఎవడు పాడమన్నాడు?"

దేవయ్య నిజంగానే ఆశ్చర్యపోయాడు. "గదేంది సార్! పేరు జెప్పకుంట కొలువుల అడుగు వెడ్తరా? మా తాన దొంగ యాసమోడు సుత తెర ఎన్క నిలవడి, నేను దొంగను, నా పేరిది, నాది ఫలాన ఊరు అని పాడుకుంట వస్తడు. ఎవ్వడో ఏందో ఎర్కలేని మనిషి మాట ఎవ్వలింటరు?"

అది వాళ్ల బాగోతంలో పద్ధతి. రాజైనా బంటైనా తెర వెనక నిలబడి, తానెవరో పాడి చెప్పుకున్నాకే సభలోకి రావాలి. రిహార్సల్లో ఎందుకు పాడలేదంటే, రిహార్సల్లో సభ లేదు కదా అన్నాడు. నాకు నవ్వాగలేదు. మా ఆయన నాతో రెండు రోజులు మాట్లాడలేదు.

మరుసటి ఏడు సాంఘిక నాటకం. దేవయ్య పోస్ట్‌మ్యాన్. దుప్పటి తేకూడదు, గజ్జె కట్టకూడదు, పాట పాడకూడదు అని మా ఆయన కాగితం మీద రాసి మరీ చదివి వినిపించారు. దేవయ్య అన్నిటికీ తలూపాడు. నాటకంలో తలుపు చప్పుడవుతుంది. హీరోగారు ‘ఎవరు?’ అంటారు. ఆ మాట రాసింది మా ఆయనే. ఎవరని అడిగాక దేవయ్య ఊరుకుంటాడా? పోస్ట్‌మ్యాన్ ఇంటిపేరు దగ్గర మొదలుపెట్టి, ఏ బడిలో చదివాడో, సైకిలు ఎక్కడ కొన్నాడో, భార్యకు నడుంనొప్పి ఎప్పుడొచ్చిందో అన్నీ చెప్పి అప్పుడు ఉత్తరమిచ్చాడు. అడిగితే చెప్పకుండా ఎట్లుంటా సార్ అన్నాడు.

మూడో ఏడు మా ఆయన బాగా ఆలోచించి దేవయ్యకు శవం వేషమిచ్చారు. ఇక నోరెత్తే అవకాశమే లేదు. నలుగురు మోసుకొచ్చి స్టేజీ మీద దించాలి, అంతే. నలుగురూ మోసుకొచ్చారు. పాడుతూ వచ్చారు. పోయినవాడి పేరు, ఊరు, వంశం, మంచితనం, అప్పడాల మీద అతనికున్న ఇష్టం, ఒక్కటీ వదల్లేదు. దేవయ్య కళ్లు మూసుకుని కదలకుండా పడుకున్నాడు.

"శవం పాడొద్దన్నరు. నేను పాడిన్నా సార్? మోసెటోళ్లు పాడిండ్రు," అన్నాడు తర్వాత.

ఆ రోజుకు దేవయ్య మస్కట్ తెలుగువాళ్లందరికీ తెలిసిపోయాడు. పిల్లలు రోడ్డు మీద కనిపిస్తే ‘చిత్తం ప్రభూ’ అని అరిచేవాళ్లు. అతని ముఖం చూస్తేనే నవ్వు. నాటకం ఉందంటే జనం ముందు అడిగేది ‘ఈసారి దేవయ్యదేం వేషం?’ అని. అందరూ సంతోషంగానే ఉన్నారు. దేవయ్య మాత్రం లోపల కుమిలిపోతున్నాడని నా ఒక్కదానికే తెలుసు. ఎందుకంటే అతని ఉత్తరాలు రాసేది నేను.

అతనికి చదువు రాదు. శుక్రవారం రిహార్సల్ అయ్యాక వంటింటి గుమ్మం దగ్గర కూర్చుని చెబుతుంటే, నేను కూర కలుపుతూ వింటూ ఆనక రాసిపెట్టేదాన్ని. మొదటి ఏడే భార్య కనకవ్వ ఎవరి చేతో రాయించింది, అక్కడ సుత యాసం కడ్తున్నవట గదా, ఏం యాసం అని. దేవయ్య కాసేపు గోడ వైపు చూసి, "రాజు అని రాయమ్మా," అన్నాడు. ఊళ్లో వాళ్ల మేనమామ చేసే రాజు వేషం, తను మస్కట్ వచ్చిన ఏడు వేసవిలోనే దేవయ్యకు రావాల్సిందట. రెండు నెలల ముందు వీసా వచ్చింది. కిరీటం పెట్టుకోవాల్సిన మనిషి హెల్మెట్ పెట్టుకున్నాడు. నేను ‘రాజు’ అని రాశాను. రెండో ఏడూ రాశాను, మూడో ఏడూ రాశాను. శవాన్ని కూడా రాజునే చేశాను. కాబట్టి ఆ అబద్ధంలో సగం నాది.

డెబ్భై ఎనిమిదిలో జనం అడగ్గా మళ్లీ ధర్మకేతు నాటకమే వేద్దామనుకున్నాం. దేవయ్య మళ్లీ నౌకరు. ఆ జనవరిలో కనకవ్వ తమ్ముడు భీమన్న వీసా మీద వచ్చి అదే క్యాంపులో దిగాడు. ఆ శుక్రవారం దేవయ్య వంటింటి గుమ్మం దగ్గర నిలబడే ఉన్నాడు, కూర్చోలేదు.

"అమ్మా, బామ్మర్ది వచ్చిండు. నాటకం సూత్తడట. వానికి రాయ వస్తది. రేపటికల్ల ఊరంత ఎర్కైతది."

"ఏం కావాలి దేవయ్యా?"

"ఒక్కపాలి రాజు యాసం ఇప్పియ్యమ్మా. ఒక్కపాలే. మల్ల సచ్చినోని యాసమిచ్చినా కడ్త."

ఆ రాత మూడేళ్లు రాసిన చెయ్యి ఇదే కదా. ఆ సాయంత్రమే మా ఆయనతో చెప్పాను. ఆయన చెడ్డవారేం కాదు, కాకపోతే ధర్మకేతును వదులుకోవడమంటే ఆయనకు పన్ను పీకించుకోవడమే. గంట ఆలోచించి దేవయ్యను పిలిచి ఒక కథ చెప్పి ఓదార్చారు. మా కంపెనీలో ఒక ఇంగ్లీషు ఇంజనీరు ఉండేవాడు. శవం పాట విని కుర్చీలోంచి కిందపడేంత నవ్వాడు. ఆ ఇంజనీరు పెదనాన్న ఇంగ్లండ్ నుంచి అమెరికా వెళ్లి సినిమాల్లో చేసేవాడట.

"ముప్పయి ఏళ్లయ్యా, ముప్పయి ఏళ్లు! అన్నిటిలోనూ నౌకరే. తలుపు తీయడం, ట్రే పట్టుకురావడం, ‘ఎస్ సర్’ అనడం. అమెరికావాళ్లకు ఆయన మాట తీరు వింటే అదే వేషం గుర్తొచ్చేదట. గొప్ప పేరు, తోటా ఇల్లూ కొనుక్కున్నాడు," అన్నారు మా ఆయన.

దేవయ్య శ్రద్ధగా విన్నాడు. "ఒక్కపాలన్న రాజు యాసం ఇయ్యలేదా సార్?"

"లేదట."

"పాపం," అన్నాడు దేవయ్య. "ఆయన బామ్మర్ది సూడనీకి వచ్చిండా?" అని అడిగాడు.

నాటకం శుక్రవారం సాయంత్రం. బుధవారం మా ఆయన కొలతలు చూడ్డానికని సోహార్ సైటుకు వెళ్లారు. గురువారానికి వచ్చేయాలి. గురువారం కొండల్లో వాన పడి వాదీలనే అక్కడి ఎండు వాగులు పొంగాయి, రోడ్డు మూడు చోట్ల తెగింది. శుక్రవారం మధ్యాహ్నం కంపెనీ వైర్‌లెస్‌లో కబురొచ్చింది: ‘ధర్మకేతు నీటికి అవతల ఉన్నాడు. నాటకం వాయిదా వేయండి.’

రామ్మోహన్‌గారు వాయిదా వేద్దామన్నారు. అప్పటికే జనం వస్తున్నారు, గులాం నబీ లారీ యాభై మందితో వచ్చి ఆగింది. నాకు బాధ పడాలని తెలుసు, కానీ నిజం చెప్పొద్దూ, లోపల ఎక్కడో ఉల్లాసంగా ఉంది. తిన్నగా దేవయ్య దగ్గరికి వెళ్లాను.

"రాజు మాటలు వచ్చా నీకు?"

"అప్పటి సంది ఎన్క నిలవడి ఇంటున్ననమ్మా. సార్ మరిచిపోయేటియి సుత వచ్చు."

కిరీటం మా ఆయన తలకు చేసింది. దేవయ్యకు పెడితే జారి చెవుల మీద ఆగింది. ఆ చెవులు లేకపోతే మెళ్లో పడేది. మా ఆయన జరీ అంగీ కాళ్ల కింద ఈడ్చుకుంటుంటే మడిచి పిన్నులు పెట్టాను. దండం పెట్టబోతే చేతులు పట్టుకుని ఆపాను.

ప్రవేశానికి తెర ఉండాల్సిందేనన్నాడు. ఈసారి దుప్పటి కాదు, నా ఎర్ర ధర్మవరం చీర. ఒక కొస నేను, ఇంకో కొస గులాం నబీ పట్టుకున్నాం. అతను పెషావర్ మనిషి, తెలుగు ముక్క రాదు, నాలుగేళ్ల నుంచి ఒక్క నాటకం తప్పలేదు. చీర వెనక దేవయ్య ఎత్తుకున్నాడు.

"వచ్చె వచ్చె సూడరో ధర్మకేతూ..."

ముందు వరుసలో నవ్వు మొదలైంది. వరస అదే కదా, గొంతు అదే కదా. చీర దించగానే చెవుల మీద కిరీటంతో ఆ నవ్వు ముఖం కనబడింది. ఇక ఎవరూ ఆగలేదు. ‘చిత్తం ప్రభూ!’ అని పిల్లలు అరిచారు. దేవయ్య సింహాసనం మీద కూర్చుని ప్రజల కష్టాలు చెబితే నవ్వారు. చచ్చిపోయిన తమ్ముణ్ణి తలుచుకుంటే పొట్టలు పట్టుకుని నవ్వారు. అతను ఒక్క మాట తప్పలేదు. మా ఆయన ఏనాడూ పలకనంత బాగా పలికాడు. అయినా నవ్వే. వెనక గోడవారన క్యాంపువాళ్లు మాత్రం నవ్వలేదు, ఒకరి ముఖం ఒకరు చూసుకుంటున్నారు. నాకు కళ్లలో నీళ్లొచ్చాయి. ముందు వరుసలో కూర్చున్నవాళ్లంతా నా స్నేహితులే, కానీ ఒక్కొక్కరి నెత్తి మీదా మూకుడు బోర్లించాలనిపించింది.

అప్పుడు దేవయ్య చెయ్యెత్తి, "ఎవరక్కడ?" అన్నాడు.

ఎవరూ రాలేదు. రాజు దొరికాడన్న సంబరంలో నౌకరు వేషం ఎవరికివ్వాలో నేను ఆలోచించనే లేదు. నౌకరంటే దేవయ్యే. ఆ మాటకు జవాబు చెప్పేవాడు సింహాసనం మీద ఉన్నాడు. దేవయ్యకు కూడా అప్పుడే తట్టినట్టుంది. రోజూ తాను నిలబడే చోటు వైపు తల తిప్పి చూశాడు. అక్కడ చామరం గోడకు ఆనించి ఉంది.

"ఎవరక్కడ?" అన్నాడు మళ్లీ. ఈసారి గొంతు చిన్నదైంది. ఎవరో పిల్ల కిసుక్కుమంది. అతను నా వైపు చూశాడు.

వెనక గోడ దగ్గర ఒక మనిషి లేచి నిలబడ్డాడు. సన్నగా, నూనె పెట్టి దువ్విన తలతో, కొత్త చొక్కాలో. చేతులు కట్టుకుని తల వంచాడు.

"సిత్తం మారాజ!"

భీమన్న. బావమరిది. ఒక్క క్షణం హాలంతా అటు తిరిగింది. ఆ వెంటనే అతని పక్కవాడు లేచాడు, ఆ పక్కవాడు లేచాడు, లారీ మొత్తం లేచింది. "సిత్తం మారాజ!" గులాం నబీ నా చీర కింద పడేసి, చేతులు కట్టుకుని అదే మాట తనకు వచ్చినట్టు అరిచాడు.

దేవయ్య కిరీటం సర్దుకున్నాడు. లేచి నిలబడ్డాడు. అక్కడి నుంచి నాటకం చివరిదాకా ముందు వరుసలో ఒక్కరూ నవ్వలేదు. రాజు ‘ఎవరక్కడ?’ అన్నప్పుడల్లా వెనక నుంచి గోడలు అదిరేలా జవాబు. నాటకంలో ఆ మాట నాలుగుసార్లే ఉంది. దేవయ్య ఆ రోజు తొమ్మిదిసార్లు అన్నాడు. నేను ఆపలేదు.

తెర దించాక భీమన్న లోపలికి వచ్చాడు. దేవయ్య కిరీటం తీయకుండానే అతని భుజం పట్టుకున్నాడు.

"అరే భీమా, మీ అక్కకు జెర రాయి. రాజు యాసమే అని రాయి."

"రాసిన బావా."

"ఎప్పుడు రాసినవ్‌రా, గిప్పుడేగా అయ్యింది?"

"నిన్న బేస్తారం రాసి డబ్బల ఏసిన."

"బేస్తారం నేను నౌకరునే గదరా!"

భీమన్న తల గోక్కున్నాడు. "ఎర్కనే బావా. అక్కకు సుత మొదటేడు సంది ఎర్కనే. మన క్యాంపుల లచ్చన్న సెలవుల వచ్చి అంత జెప్పిండు. నేను బైలెల్లెటప్పుడు అక్క నాకొక్కటే జెప్పింది. ఆయన ఏ యాసం గట్టినా నువ్వు రాజనే రాయిరా తమ్మీ, ఊరోళ్లకు చదివి వినిపియ్యాలె అన్నది."

దేవయ్య బోర్లించిన బకెట్ మీద కూర్చున్నాడు. కిరీటం తీసి ఒళ్లో పెట్టుకున్నాడు. ఆ ముఖం మీద నవ్వు లేకపోవడం నేను అదే మొదటిసారి చూడటం.

శనివారం మా ఆయన, కబురు దారిలోనే విని, మోకాళ్లదాకా బురదతో దిగారు. చెప్పులు విప్పకుండానే, "ఎలా చేశాడు? ఎక్కడైనా తప్పాడా?" అన్నారు. మీరు తప్పే చోట తప్పలేదని చెప్పాను. ఆయన మరుసటి ఏడు నాటకం రాయలేదు, మళ్లీ పేకాటలో పడ్డారు. పకోడీలు మాత్రం నేను వేయలేదు.

తర్వాతి శుక్రవారం దేవయ్య వచ్చి గుమ్మం దగ్గర కూర్చున్నాడు. "అమ్మా, ఉన్నదున్నట్టు రాయి. మొదటేడు నౌకరు, రెండోయేడు టపామనిషి, మూడోయేడు సచ్చినోడు, ఈ యేడు రాజు. గిప్పుడు జెప్తె సిగ్గుండది," అన్నాడు. రాశాను. రాస్తుంటే నాకూ గుండె తేలికపడింది.

నెల తర్వాత కనకవ్వ జవాబు వచ్చింది. నేనే చదివాను. అన్నీ ఎరికేనని, పాణం మంచిగ చూసుకోమని రాయించింది. చివర ఒక్క ప్రశ్న అడిగింది. ‘నువ్వు రాజువైతివి, మరి ఆ దినం నౌకరు యాసం ఎవలు గట్టిండ్రు?’

దేవయ్య చెప్పమన్న జవాబు రెండు మాటలే. అలాగే రాసి పోస్టు చేశాను.

‘యాబై మంది.’